తెలుగు నేలపై రూబస్ ముళ్లపొద: గుర్తింపు, ఆవాసం, విస్తరణ శాస్త్రవేత్తల పాత్ర

హైదరాబాదులోని జూబ్లీహిల్స్, ఫిల్మ్‌నగర్ ప్రాంతాల పెద్ద దుకాణాలలో, శీతల అరలపై, చిన్న ప్లాస్టిక్ పెట్టెలలో రాస్ప్‌బెర్రీ, బ్లాక్‌బెర్రీ పండ్లు అమ్మకానికి ఉండడం నేడు సామాన్య దృశ్యం. అక్కడికి కూతవేటు దూరంలోనే కాసు బ్రహ్మానందరెడ్డి జాతీయ ఉద్యానవనం ఉంది. 1998లో జాతీయ ఉద్యానవనంగా ప్రకటించిన ఈ సుమారు 1.4 చదరపు కిలోమీటర్ల అడవి ముక్కలోనూ, దాని చుట్టూ ఇంకా ఇళ్లు లేవని రాళ్లగుట్టల వాలులలోనూ ముళ్లపొదలకు కొరత లేదు. కనుక ఈ రెండింటినీ కలిపి చూసి, దుకాణంలోని బ్లాక్‌బెర్రీకి అడవి రూపం ఈ పొదలలోనే ఎక్కడో ఉండి ఉంటుందని అనుకోవడం సహజం.

కొన్నేళ్ల క్రితం ఒక విద్యార్థి తన నమూనాల కట్టలో ఒక ముళ్ల కొమ్మను అతికించి, అడుగున “రూబస్, గులాబీ కుటుంబం, జూబ్లీహిల్స్ రాళ్లగుట్ట” అని రాసి తెచ్చాడు. కొమ్మ పరికిది. “పండు నల్లగా ఉంది, ముల్లు వంకరగా ఉంది, కొమ్మ పక్కపొదలపై పాకుతోంది, మూడు లక్షణాలూ సరిపోయాయి గదా సార్” అన్నది అతని వాదన. వాదనలో తర్కం ఉంది. లోపం ఎక్కడంటే, అతడు చదివిన వర్ణన చలిదేశపు పుస్తకంలోనిది, నిలబడిన నేల దక్కన్ పీఠభూమి. గులాబీ కుటుంబానికి చెందిన రూబస్ ప్రజాతి మొక్క ఏదీ జూబ్లీహిల్స్ గుట్టలపై సహజంగా పెరగదు. తెలుగు నేలపై అది ఉన్న చోటు వేరు. విశాఖ మన్యంలోని తూర్పు కనుమల ఎత్తైన భాగాలలో, అదీ అక్కడక్కడ మాత్రమే కనిపిస్తుంది. ఆ మొక్క ఏది, ఎందుకు అక్కడికే పరిమితమైంది, దాని విషయంలో విస్తరణ శాస్త్రవేత్త చేయదగినది ఏమిటి, చేయకూడనిది ఏమిటి అన్నవి ఈ వ్యాసంలో చర్చించదలచిన అంశాలు.

రూబస్ ప్రజాతి స్వరూపం

గులాబీ కుటుంబంలో సుమారు 90 ప్రజాతులు, 2,500కు పైగా జాతులు ఉన్నాయి. ఆపిల్, పియర్, పీచ్, బాదం, స్ట్రాబెర్రీ అన్నీ ఈ కుటుంబానివే. ఇది ప్రధానంగా ఉత్తరార్ధగోళపు చల్లని మండలాల కుటుంబం. మన మైదానాలలో దీనికి చెందిన అడవి మొక్కలను వేళ్లపై లెక్కించవచ్చు. రూబస్ ఇందులో పెద్ద ప్రజాతులలో ఒకటి. దానిలో ఎన్ని జాతులున్నాయో ఇదమిత్థంగా చెప్పడం కష్టం. ఐరోపా బ్లాక్‌బెర్రీలలో చాలా రకాలు ఫలదీకరణ లేకుండానే విత్తనం కడతాయి. అందువల్ల ప్రతి చిన్న భేదమూ తరతరాలుగా స్థిరపడిపోతుంది. ఒక శాస్త్రజ్ఞుడు దానిని జాతి అంటే మరొకరు రూపభేదం అంటారు. అదృష్టవశాత్తు మనకు సంబంధించిన జాతులలో ఈ చిక్కు అంతగా లేదు.

ఈ ప్రజాతి మొక్కల జీవన విధానం మన విద్యార్థులకు కొంత కొత్తగా తోస్తుంది. నేలలోని వేరు, దాని మొదలు బహువార్షికాలు. నేలపైకి వచ్చే కొమ్మ మాత్రం సాధారణంగా రెండేళ్లే బతుకుతుంది. మొదటి ఏడు కేవలం ఆకులతో పొడవుగా సాగుతుంది. రెండవ ఏడు పక్కకొమ్మలు వేసి, పూచి, కాచి, ఎండిపోతుంది. ఈలోగా మొదలు నుంచి, వేళ్ల నుంచి కొత్త పిలకలు లేస్తాయి. కనుక ఒకే పొదలో పచ్చి కొమ్మ, కాచే కొమ్మ, ఎండిన కొమ్మ కలగలసి ఉంటాయి. పొదలోకి చేయి పెట్టడం కష్టమయ్యేది ఇందువల్లనే. పొదను శుభ్రం చేద్దామని కొమ్మలన్నీ నరికినవారికి మరుసటి ఏడు పండ్లు దొరకకపోవడానికి కారణం కూడా ఇదే.

పండు విషయం మరింత ఆసక్తికరం. రూబస్ పువ్వులో ఒక మెట్ట పుష్పాసనంపై అనేక విడి ఫలదళాలు ఉంటాయి. ప్రతి ఫలదళమూ ఒక చిన్న టెంకగల ఫలంగా మారుతుంది. ఆ చిన్న పండ్లన్నీ అంటిపెట్టుకుని ఒకే పండులా కనిపిస్తాయి. దీనినే సంకలిత ఫలం అంటాము. జూబ్లీహిల్స్ గుట్టలలో దీనికి పోలిక కావాలంటే ముళ్లపొదల వైపు చూడనక్కరలేదు, సీతాఫలం చాలు. అదీ ఒకే పువ్వులోని అనేక ఫలదళాల నుంచి ఏర్పడిన సంకలిత ఫలమే. తేడా ఏమంటే సీతాఫలంలో ఆ భాగాలు కండతో కలసిపోతాయి, రూబస్‌లో ముత్యాలు గుచ్చినట్లు విడివిడిగా తెలుస్తాయి. తరచూ బ్లాక్‌బెర్రీగా పొరబడే మల్బరీ పండు మాత్రం సంయుక్త ఫలం, అంటే అనేక పువ్వుల గుత్తి మొత్తం ఒక పండైనది. రాస్ప్‌బెర్రీ వర్గపు పండు కోసినప్పుడు పుష్పాసనం కొమ్మకే మిగిలిపోయి, పండు లోపల బోలుగా టోపీలా చేతికి వస్తుంది. బ్లాక్‌బెర్రీ వర్గంలో పుష్పాసనం పండుతోపాటే ఊడి వస్తుంది. క్షేత్రంలో ఈ ఒక్క పరీక్షతోనే రెండు వర్గాలను వేరు చేయవచ్చు.

మన్యంలోని జాతి

విశాఖ మన్యంలో నమోదైన జాతి రూబస్ ఎలిప్టికస్. జేమ్స్ ఎడ్వర్డ్ స్మిత్ 1815లో దీనిని వర్ణించి నామకరణం చేశాడు. దీని వ్యాప్తి హిమాలయ పాదాల నుంచి చైనా, ఆగ్నేయాసియాల వరకు ఉంది. దక్షిణాన పశ్చిమ కనుమలలోనూ, శ్రీలంకలోనూ, తూర్పు కనుమల ఎత్తైన భాగాలలోనూ కనిపిస్తుంది. కుమావు ప్రాంతంలో దీనిని హిసాలు అని, నేపాల్‌లో ఐసేలు అని పిలుస్తారు. అక్కడ ఇది బాటపక్క మొక్క. పశువులు మేపే పిల్లలు మొదలు బస్సు కోసం వేచి ఉన్న పెద్దల వరకు కోసుకు తింటారు. దొప్పలలో పోసి అమ్ముతారు కూడా. ఆ ప్రాంతపు అడవి పండ్లపై పర్మార్, కౌశల్ 1982లో ప్రచురించిన గ్రంథం దీనికి సముచిత స్థానం ఇచ్చింది.

పొద ఒకటి నుంచి మూడు మీటర్ల ఎత్తు పెరుగుతుంది. కొమ్మపై రెండు రకాల రక్షణ ఉంటుంది: వంకర తిరిగిన గట్టి ముళ్లు, వాటి మధ్య ఒత్తుగా ఎర్రని గోధుమవన్నె బిరుసు నూగు. ఈ ఎర్రనూగు కనిపించినప్పుడు జాతి గుర్తింపు దాదాపు పూర్తయినట్లే. ఆకులో మూడు పత్రకాలుంటాయి. నడిమి పత్రకం పెద్దది. పైభాగం ముదురు ఆకుపచ్చ, అడుగుభాగం తెల్లని నూగుతో బూడిదవన్నెగా ఉంటుంది. చలికాలం చివర కొమ్మల కొనలలో తెల్లని అయిదు రేకుల పూలు గుత్తులుగా పూస్తాయి. వేసవిలో పండు పక్వమై బంగారు పసుపువన్నెకు తిరుగుతుంది. పండిన పండు వేలితో తాకగానే ఊడి వస్తుంది, లోపల బోలుగా ఉంటుంది. అంటే ఇది రాస్ప్‌బెర్రీ వర్గానికి చెందినది. బ్లాక్‌బెర్రీ కోసం వెదికేవారు నల్లని పండును చూస్తూ దీనిని దాటిపోయే అవకాశం ఉంది.

జన్యుపరంగా ఇది ద్వయస్థితికం. రూబస్ మూల క్రోమోసోముల సంఖ్య 7, దీని కాయిక కణాలలో 14 క్రోమోసోములు ఉంటాయి. చలిదేశపు సాగు రాస్ప్‌బెర్రీలకు మొగ్గ విడవాలంటే 7 డిగ్రీల సెల్సియస్‌కు దిగువన వందల గంటల చలి అవసరం. ఈ జాతికీ, దీనికి దగ్గరి చుట్టమైన రూబస్ నివియస్‌కూ అటువంటి అవసరం చాలా తక్కువ. రూబస్ నివియస్‌ను మైసూరు రాస్ప్‌బెర్రీ అంటారు. తక్కువ చలితో కాచే రకాలను రూపొందించాలనుకునే ప్రజనన శాస్త్రవేత్తలకు ఇటువంటి జాతులపై ఆసక్తి కలగడానికి కారణం ఇదే. మన కొండలపై మిగిలిన పొదలు ఈ జాతి వ్యాప్తిలో వేడి అంచున నిలిచినవి. హిమాలయపు మొక్కలు చూడని వేడిని అవి తరతరాలుగా చూశాయి. అందువల్ల సంఖ్యలో కొద్దివైనా వాటి విలువ వేరు అని ఈ రచయిత అభిప్రాయం.

జూబ్లీహిల్స్‌లో ఎందుకు పెరగదు

చలి చాలకపోవడం వల్ల హైదరాబాదులో రూబస్ పెరగదని సాధారణంగా చెబుతారు. పైన పేర్కొన్న కారణం చేత ఈ జాతి విషయంలో ఆ వివరణ నిలవదు. ఎత్తు కూడా ఒక్కటే కారణం కాదు. హిమాలయ పాదాలలో ఇది హైదరాబాదు కంటే తక్కువ ఎత్తులోనూ పెరుగుతుంది. అసలు అడ్డంకి వేసవి వేడి, పొడి గాలి, నేల లోతు ఈ మూడూ కలసిన స్థితి.

జూబ్లీహిల్స్ శిల సుమారు 250 కోట్ల సంవత్సరాల నాటి గ్రానైటు. దానిపై ఇసుక కలసిన ఎర్రమట్టి పలుచని పొరగా ఉంటుంది. ఏడాదికి సుమారు 800 మిల్లీమీటర్ల వర్షం పడినా, అందులో అధికభాగం జూన్ నుంచి అక్టోబరు లోపే పడుతుంది. ఏప్రిల్, మే మాసాలలో పగటి ఉష్ణోగ్రత 40 డిగ్రీలకు చేరుతుంది. ఎండ తగిలిన బండ రాత్రి సైతం వేడిని వదులుతూనే ఉంటుంది. రూబస్ వేరు పీచువేరు, నేల పైపొరలోనే విస్తరిస్తుంది. పండు ముదిరే కాలం సరిగ్గా వేసవి. అంటే మొక్కకు అత్యధికంగా నీరు కావలసిన నెలలలోనే ఆ పైపొర పూర్తిగా ఎండిపోతుంది. ఇక్కడి సహజ వృక్షాలు, పొదలు ఆ నెలలలో ఆకు రాల్చి లేదా బండల పగుళ్లలోకి లోతుగా వేరు దింపి గట్టెక్కుతాయి. రూబస్‌కు ఆ రెండు ఉపాయాలూ చాలినంతగా లేవు.

అరకు, అనంతగిరి, చింతపల్లి ప్రాంతాలలో పరిస్థితి భిన్నం. అరకు లోయ సముద్రమట్టానికి సుమారు 900 మీటర్ల ఎత్తున ఉంది. దాని చుట్టూ కొండలు ఇంకా ఎత్తుకు లేస్తాయి. తూర్పు కనుమలలో అత్యున్నతమైన సుమారు 1,680 మీటర్ల శిఖరం కూడా ఈ మన్యంలోనిదే. అక్కడ వర్షపాతం ఎక్కువ. వేసవిలో మధ్యాహ్నపు జల్లులు పడతాయి, ఉదయపు మంచు నేలను చల్లగా ఉంచుతుంది. అయినా రూబస్ కొండ అంతటా పరచుకోలేదు. నీడ ఎక్కువైన దట్టమైన అడవిలో అది కాయదు, పూర్తిగా బోడైన వాలులో ఎండకు నిలవదు. వాగుల అంచులు, అడవి అంచులు, చెట్టు పడి వెలుతురు దిగిన చోట్లు దానికి అనుకూలం. అంటే అనువైన స్థలం ఎత్తైన కొండలపై, వాటిలోనూ కొన్ని అంచులలో మాత్రమే దొరుకుతుంది. కొండకూ కొండకూ నడుమ ఉన్న వేడి లోయలు సముద్రంలా అడ్డుపడి ఈ చిన్న సమూహాలను దీవులుగా మారుస్తాయి. పిగిలిపిట్టలు, గోరింకలు పండ్లు తిని విత్తనాలను కొంత దూరం మోసినా ఆ దీవుల మధ్య రాకపోకలు స్వల్పమే.

ఈ అంచులే మనిషికీ కావలసిన చోట్లు కావడం ఇక్కడి చిక్కు. పోడు కొట్టేది అక్కడే, కాలిబాట తీసేది అక్కడే. కాఫీ తోటలో నీడచెట్లు నిలుపుతారు గాని కింది ముళ్లపొదను నిలపరు. 2019లో అరకు కాఫీకి భౌగోళిక గుర్తింపు లభించింది, దాని సాగు గిరిజన కుటుంబాలకు నిజమైన ఆదాయం. ముళ్లపొద కోసం కాఫీ తోటలో కలుపు తీయవద్దని ఏ రైతుకూ చెప్పలేము, చెప్పకూడదు కూడా. తోట సరిహద్దున, వాగు గట్టున ఉన్న పొదను మాత్రం వదిలివేయమని అడగవచ్చు. అలా అడగాలంటే ముందు దానిని లంటానా నుంచి వేరు చేసి చూపగలగాలి.

పొరపాటు పడే నాలుగు పొదలు

ఈ పొరపాట్లలో మొదటిది కేవలం నమూనా కాగితానికి సంబంధించినది కాదు. లంటానా పొద, అంటే కొన్ని ప్రాంతాలలో తలంబ్రాల పొద అని పిలిచే మొక్క, జూబ్లీహిల్స్‌లోనూ అరకులోనూ విస్తారంగా ఉంది. దాని నిగనిగలాడే నల్లని చిన్న పండ్ల గుత్తి దూరం నుంచి బ్లాక్‌బెర్రీని పోలి ఉంటుంది. పచ్చికాయలు విషపూరితం, పిల్లలు తింటే అస్వస్థత కలుగుతుంది. ఆకు మేసిన పశువులకు కాలేయం దెబ్బతిని, ఎండ తగిలిన చోట చర్మం పగులుతుంది. “అడవి బ్లాక్‌బెర్రీ తినదగినది” అని విస్తరణ సభలో ఒక్క మాట చెప్పి, మొక్కను చూపకుండా వస్తే కలిగే ప్రమాదం ఇదే. భేదం చెప్పడం సులభం. లంటానా కాండం నలుపలకలు, ఆకులు ఎదురెదురుగా ఒక్కొక్కటిగా ఉంటాయి, నలిపితే ఘాటైన వాసన వస్తుంది. రూబస్ ఎలిప్టికస్‌లో ఆకులు ఒకటి మార్చి ఒకటి, ప్రతి ఆకూ మూడు పత్రకాలుగా ఉంటుంది, ఆ వాసన ఉండదు.

రెండవది మన విద్యార్థి తెచ్చిన పరికి. ఇది రేగు ప్రజాతికి చెందినది. ముల్లు ఆకు తొడిమ మొదలులో, పత్రపుచ్ఛం మారి ఏర్పడినది. అందుచేత అది నిర్ణీత స్థానంలోనే ఉంటుంది. రూబస్ ముల్లు, గులాబీ ముల్లు వలెనే, కాండపు పైపొర నుంచి పుట్టినది. దానికి స్థాననియమం లేదు, కాండంపై ఎక్కడైనా లేస్తుంది, పక్కకు నెడితే ఊడి వస్తుంది. పరికి ఆకుకు మొదలు నుంచి మూడు ఈనెలు స్పష్టంగా కనిపిస్తాయి, పండులో ఒకే టెంక ఉంటుంది. పండు చీల్చి చూసి ఉంటే ఆ విద్యార్థికి సందేహం తీరేది. కానీ అప్పటికే దానిని తినేశానని అతడే ఒప్పుకున్నాడు.

మూడవది కలివి. గుట్టలపై తెల్లని సువాసన పూలతో, జంటముళ్లతో, తుంచితే పాలు కారే ఆకులతో ఉండే పొద ఇది. దీని ముల్లు కొమ్మయే మారి ఏర్పడినది. పండు నల్లగా పండి తియ్యగా ఉంటుంది. పాలను చూసిన తరువాత రూబస్ అనే అనుమానానికి తావుండదు. ఈ పొద పేరుననే కడప జిల్లాలోని అరుదైన పక్షికి కలివికోడి అని పేరు వచ్చింది. అంతరించిందనుకున్న ఆ పక్షి 1986లో మళ్లీ కనిపించినప్పుడు, ముళ్లపొదల బీడు భూమి అంటే పనికిరానిది కాదని లోకానికి తెలిసింది.

నాలుగవది నిఘంటువులలో పుట్టిన పొరపాటు. అనువాదాలలోనూ, ఇప్పుడు యంత్రానువాదాలలోనూ రాస్ప్‌బెర్రీకి “కోరింద” అనే మాట విరివిగా కనిపిస్తోంది. తెలుగు వృక్షనామావళులలో కోరింద, కోరింత అన్న పేర్లు తుమ్మకు చుట్టమైన ముళ్లతీగలవి. వాటి ఆకులు చింతాకులా చిన్న పత్రకాలుగా చీలి ఉంటాయి, కాయలు చదునైన కాయధాన్యపు కాయలు. రాస్ప్‌బెర్రీతో వాటికి ఏ బంధుత్వమూ లేదు. విస్తరణ కరపత్రంలో “కోరింద పండ్లు పోషకభరితం” అని రాస్తే, ఆ తీగను ఎరిగిన రైతు ఏ పండు కోసం వెదకాలి? సరైన తెలుగు పేరు తెలియనప్పుడు రూబస్ అనే శాస్త్రీయ నామాన్నే తెలుగు లిపిలో రాయడం మేలు. పేరు కల్పించడం కంటే పేరు సేకరించడం శాస్త్రవేత్త పని. మన్యంలో కొండదొర, బగత, కోందు, పోర్జా, గదబ మొదలైన సముదాయాలవారు తెలుగుతోపాటు కువి, ఆదివాసీ ఒరియా వంటి భాషలు మాట్లాడతారు. ఈ పండును కోసుకు తినేవారికి దానికి పేరు ఉండకపోదు.

మరొక చోట ఇదే మొక్క

ఒక అరుదైన పండును చూసినప్పుడు ఉద్యాన శాస్త్రవేత్తకు మొదట కలిగే ఆలోచన దానిని విస్తరింపజేయడం. ఈ ప్రజాతి విషయంలో ఆ ఆలోచనను కాస్త నిలిపి చూడాలి. రూబస్ ఎలిప్టికస్ హవాయి దీవులకు చేరింది. అక్కడి చల్లని, తడి అగ్నిపర్వత నేలలో దాని పెరుగుదలకు అడ్డులేకపోయింది. పక్షులు విత్తనాలను వెదజల్లాయి, పిలకలు నేలలో పాకాయి, స్థానిక అడవి మొక్కలు దాని నీడలో అణగిపోయాయి. ప్రపంచ పరిరక్షణ సంఘం ప్రకటించిన అత్యంత హానికరమైన 100 పరదేశీ ఆక్రమణ జాతుల జాబితాలో ఈ మొక్క పేరు ఉంది. మైసూరు రాస్ప్‌బెర్రీ కథ కూడా ఇటువంటిదే. పండు కోసం సాగు చేద్దామని దానిని గలపాగోస్ దీవులకు తెచ్చారు. నేడు అక్కడి అనేక దీవులలో అది అడవిని కప్పివేసిన ప్రధాన కలుపు. దానిని అదుపు చేయగల సహజ శత్రువుల కోసం శాస్త్రజ్ఞులు మళ్లీ ఆసియా వైపే చూడవలసి వచ్చింది.

ఒకే జాతి కుమావులో బాటపక్క తిండి, హవాయిలో ఉపద్రవం, మన మన్యంలో అరుదైన శేషం. మొక్క గుణం మారలేదు. దానిని అదుపులో ఉంచే వేడి, పొడి కాలం, తోటి మొక్కల పోటీ, పురుగులు, తెగుళ్లు ప్రతి చోటా వేరు. అందుచేత “అరుదైనది గనుక అంతటా నాటాలి” అనే నినాదం గాని, “ఆక్రమణ జాతి గనుక పీకివేయాలి” అనే నినాదం గాని విశాఖ మన్యానికి యథాతథంగా వర్తించవు. ముఖ్యంగా హిమాలయపు నర్సరీల నుంచి, అంతర్జాలపు అమ్మకాల నుంచి రూబస్ నారు తెచ్చి అరకు, లంబసింగి ప్రాంతాల పర్యాటక తోటలలో నాటే ఉత్సాహాన్ని ప్రోత్సహించరాదు. చల్లని తడి కొండ దానికి నచ్చితే అదుపు తప్పే అవకాశం ఉంది. అదుపు తప్పకపోయినా మన వేడి అంచు సమూహాలతో సంకరమై, వాటి ప్రత్యేకతను చెరిపివేసే అవకాశం ఉంది.

జూబ్లీహిల్స్ మిద్దెతోటల విషయంలో ఆ భయం అక్కరలేదు. అక్కడ జరిగేది వేరు. చలికాలంలో కొన్న నారు ఫిబ్రవరి దాకా కళకళలాడి, ఏప్రిల్‌లో ఆకు అంచులు మాడి, మే నాటికి కుండీ ఖాళీ అవుతుంది. సలహా అడిగిన తోటమాలికి నిజం చెప్పి, ఆ స్థలంలో కలివినో, కానరేగునో, వాక్కాయనో పెట్టమనడం ఉచితం. అవి మన ఎండకు అలవాటుపడినవి. కంచెకు పనికివస్తాయి, పక్షులకు పండునిస్తాయి. ఉద్యానవనపు గోడకు అవతల 600కు పైగా మొక్క జాతులు, సుమారు 140 పక్షి జాతులు ఉన్నట్లు పేర్కొంటారు. ఆ పక్షులకు గోడకు ఇవతల కూడా కొన్ని ముళ్లపొదలు మిగిలి ఉండడం అవసరం. సినిమా చిత్రీకరణకోసమో, ఇంటి పునాదికోసమో గుట్ట చదును చేసేటప్పుడు మొదట పోయేది ఈ పొదలే.

క్షేత్రంలో చేయదగిన పని

మన్యంలో పనిచేసేవారికి మొదటి పని ఉన్న పొదలను ఉన్నచోటనే నమోదు చేయడం. నమూనా కోసం మొక్కను వేరుతో పెకలించరాదు. పది పొదలున్న చోట పది మంది విద్యార్థులు తలా ఒక మొక్క పీకితే ఆ సమూహం అక్కడితో ముగుస్తుంది. నమూనాకు కాచే కొమ్మ కొన ఒకటి, అదే పొదలోని మొదటి ఏటి కొమ్మ ముక్క ఒకటి చాలు. రెండూ కావాలి, ఎందుకంటే రెండు కొమ్మలపై ఆకుల పరిమాణం, నూగు ఒకేలా ఉండకపోవచ్చు. ఆకు అడుగుభాగాన్ని, కాండంపై నూగును దగ్గర నుంచి ఛాయాచిత్రం తీయాలి. పండు రంగు ఆరిన నమూనాలో నిలవదు గనుక అక్కడే రాసుకోవాలి. పండు బోలుగా ఊడిందా లేదా అన్నది కూడా రాయాలి. సముద్రమట్టపు ఎత్తు, వాలు దిశ, నీడ, దగ్గరలోని నీటి జాడ ఇవి లేని నమూనాతో ఆవాసం గురించి ఏమీ తెలుసుకోలేము. రిజర్వు అడవిలో సేకరణకు అటవీశాఖ అనుమతి తప్పనిసరి. జాతీయ ఉద్యానవనంలో అనుమతి లేనిదే ఒక ఆకు కూడా కోయరాదని విద్యార్థులకు ముందే చెప్పాలి.

ప్రవర్ధనం ప్రయత్నించేవారు విత్తనంతో మొదలుపెడితే నిరాశ చెందే అవకాశం ఎక్కువ. రూబస్ విత్తనం చుట్టూ గట్టి టెంక ఉంటుంది, లోపల సుప్తావస్థ ఉంటుంది. ప్రయోగశాలలో టెంకను ఆమ్లంతో గాని, గీతతో గాని పలుచన చేసి, తడి ఇసుకలో కొన్ని వారాలు చల్లగా ఉంచితే మొలక శాతం మెరుగవుతుంది. కొమ్మ కొనను వంచి మట్టిలో పాతితే వేరు పట్టే గుణం ఈ ప్రజాతిలో విరివిగా ఉంది. పిలకలు వేరుచేయడం మరీ తేలిక. ఏ పద్ధతి అయినా తల్లిమొక్క ఉన్న కొండలోనే, అదే ఊరి రైతు గట్టుపైనే పరీక్షించడం ఉత్తమం. పిలకలు గట్టు దాటి వ్యాపిస్తున్నాయా అన్నది కూడా ఆ పరీక్షలో భాగంగా చూడాలి. చింతపల్లి ప్రాంతీయ వ్యవసాయ పరిశోధన స్థానం ఎత్తైన గిరిజన మండలానికి ఉద్దేశించినది గనుక ఇటువంటి పరిశీలనకు తగిన వేదిక.

మార్కెట్ విషయంలో అతిగా ఆశ చూపవద్దు. ఈ పండు కోసిన రోజే మెత్తబడుతుంది, మరునాటికి నీరు కారుతుంది. 1956 నుంచి మన్యంలో అటవీ ఫలసాయం కొంటున్న గిరిజన సహకార సంస్థ సేకరించే చింతపండు, తేనె వంటి నిల్వ సరుకులతో దీనిని పోల్చలేము. ఊరిలోనే గుజ్జుగానో జాముగానో మార్చగలిగితే కొంత ప్రయోజనం ఉండవచ్చు. పిల్లలకు వేసవి తిండిగా దాని ప్రస్తుత ఉపయోగమే తక్కువది కాదు. ఎవరైనా దాని జన్యుసంపదను బయటకు తీసుకువెళ్లదలచితే 2002 జీవవైవిధ్య చట్టం వర్తిస్తుంది. స్థానిక జీవవైవిధ్య యాజమాన్య కమిటీ రూపొందించే ప్రజా జీవవైవిధ్య రిజిస్టరులో ఈ మొక్క, దాని స్థానిక నామం, ఉపయోగం నమోదై ఉంటే ఆ ఊరివారి హక్కును నిలబెట్టడం సులభమవుతుంది.

ఆ నామం కోసం ప్రశ్నావళితో ఇంటింటికి తిరగడం కంటే మార్చి నుంచి మే వరకు వారపు సంతలకు వెళ్లడం ఫలదాయకం. అడవి పండ్లు తెచ్చే స్త్రీల పక్కన కూర్చుని, ఎర్రనూగు కొమ్మ ఛాయాచిత్రం చూపి, “దీన్ని మీరేమంటారమ్మా, ఏ కొండ మీద దొరుకుతుంది?” అని అడగాలి. పేరు చెప్పినవారి భాష ఏదో, ఊరు ఏదో కూడా పక్కనే రాసుకోవాలి. ఒకే పేరును రెండు ఊళ్లలో రెండు పొదలకు వాడుతుండవచ్చు గనుక, వీలైతే ఆ పొద దగ్గరకు వారితోనే నడిచి వెళ్లి పండు కోయించి చూడాలి.